వాడి బదులు

సెప్టెంబరు పదిహేడు, మంగళవారం, ఉదయం ఆరూ నలభైకి, ఎస్తోనియాలోని తాపా రైల్వే యార్డులో వ్యాగన్ల చక్రాలు తనిఖీ చేసే రొదియోన్ అనే నలభై ఎనిమిదేళ్ల మనిషిని భద్రతా పోలీసులు అరెస్టు చేశారు. సైనిక సామగ్రి వెళ్లే రైళ్ల వివరాలు సరిహద్దు నది అవతల రష్యా గూఢచారులకు చేరవేశాడని అనుమానం. అప్పుడు అతని చేతిలో సుత్తి ఉంది. కింద పెట్టమంటే పట్టా మీద కాకుండా పక్కన కంకర మీద పెట్టాడు.

అక్టోబరు ఇరవై నాలుగు, గురువారం, పది గంటలకు అతని అక్క తైసియా తాలిన్ శివారులోని జైల్లో, ములాఖత్ గది బయట, గోడకు బిగించిన కుర్చీల్లో చివరిదాంట్లో కూర్చుంది. పదకొండుకి పిలుస్తామన్నారు. ఖైదీ ఒప్పుకుంటేనే. రానని చెప్పే హక్కు అతనికి ఉంది. వస్తే అరగంట. అద్దానికి అటొకరు, ఇటొకరు, మధ్యలో టెలిఫోను. కేసు గురించి ఒక్క మాట వచ్చినా లైను కట్ చేస్తామని వార్డరు ముందే చెప్పి సంతకం పెట్టించుకున్నాడు. రేపు శుక్రవారం. రేపు లాయరమ్మ వచ్చి రొదియోన్‌కి సాక్షుల వాంగ్మూలాలు చదివి వినిపిస్తుంది. మొదటిది తైసియాది. తమ్ముడి మీద పోలీసులకి చెప్పింది ఆమే. రొదియోన్‌కి ఇంకా తెలియదు. లాయరమ్మ నోటి వెంట వినకముందే తన నోటితో చెప్పాలనుకుంటే తైసియాకు ఉన్నది ఆ అరగంటే.

కిటికీ కింద హీటరుకి వెండి రంగు వేశారు. అంచుల్లో కారి గడ్డకట్టింది. పని తెలియనివాడెవడో వేశాడు, కుంచె నిండా ముంచి వేశాడు, అలా వెయ్యకూడదు, సగం ముంచి డబ్బా అంచుకి గీసి అప్పుడు వెయ్యాలి. అమ్మ సమాధి చుట్టూ ఉన్న ఇనుప కంచెకి ఆమె ప్రతి వసంతంలోనూ అలాగే వేసేది. సమాధి తమ ఊరు నార్వాకి ఎదురుగా, నదికి అటు రష్యా పక్క ఇవాన్‌గొరొద్‌లో ఉంది. రెండు ఒడ్లూ ఒకే ఊరుగా ఉన్న రోజుల్లో నాన్నని అక్కడ పూడ్చారు, ఆయన పక్కన అమ్మకి చోటు ఉంచారు, ఆ తర్వాత మధ్యలో సరిహద్దు పడింది, చోటు మాత్రం అక్కడే ఉంది. వంతెన మీద బండ్లు ఆపేశాక అందరూ నడిచే వెళ్తున్నారు. తెల్లవారి లైన్లో నిలబడితే ఒక్కోసారి మధ్యాహ్నానికి గానీ అటు చేరరు. మోకాలు వాచి రెండేళ్లు తను నిలబడలేకపోయింది. నేను వెళ్తాలే అక్కా అన్నాడు రొదియోన్. రంగు డబ్బా, కుంచె, కొవ్వొత్తులు ఇచ్చి పంపింది. నెలకోసారి వెళ్లాడు. అమ్మ అంటే ఎప్పుడూ లేని ప్రేమ ఇప్పుడు పుట్టిందేమిట్రా అని నవ్వింది కూడా.

పక్క కుర్చీలో ఉన్నావిడ పేరు ఫైనా. అడక్కుండానే చెప్పింది. అరవై దాటి ఉంటాయి. కొడుకు కోసం పొగబెట్టిన చేప తెస్తే లోపలికి పోనివ్వలేదట. "మిషన్లో పెట్టి మరీ చూశారు చెల్లెమ్మా. చేప మింగిందేమో తాళంచెవి, వీళ్ల అనుమానం. తలా తోకా ఉన్నదాన్ని ఇట్టా అవమానిస్తారా" అంది. ఎదురు వరసలో పసిపిల్లని ఎత్తుకున్న అమ్మాయి నవ్వింది. తైసియా కూడా నవ్వింది. నవ్విన తర్వాత నోరు ఎలా మూసుకోవాలో తెలియనట్టు ఉంది. మీవాడు ఏం చేశాడు అని ఫైనా అడిగింది. తాగి బండి నడిపాడు అంది తైసియా. ఎవరినైనా గుద్దాడా? లేదు. మరి దానికి జైలేమిటి? రెండోసారి, అంది. రొదియోన్‌కి కారు లేదు. నడపడం రాదు. ఆ అబద్ధం అంత సులువుగా రావడం చూసి ఆమె చెవులు వేడెక్కాయి. తను పనిచేసే కిండర్‌గార్టెన్ వంటింట్లో పిల్లలు అబద్ధమాడితే మొహం చూసి చెప్పేసేది. ముప్ఫై ఏళ్లు అదే వంటింట్లో ఉంది. అరెస్టు తర్వాత అక్కడ ఎవరూ ఒక్క మాట అనలేదు. పేపర్లో ఊరూ, ఉద్యోగం వేశారు, పేరు వెయ్యలేదు, అయినా అందరికీ తెలుసు. పదిన్నరకి టీ పెట్టుకుని తైసియా రా అని పిలిచే ఎస్తోనియా టీచరు ఇప్పుడు కప్పు తెచ్చి వంటింటి బల్ల మీద పెట్టి వెళ్లిపోతోంది. ఏమైనా అంటే బాగుండు. ఆ కప్పు కడిగి తిరిగి ఇచ్చేటప్పుడు తన చేతులు తనకే ఎవరివో అనిపిస్తాయి. వాళ్ల లెక్కలో తను గూఢచారి అక్క. అది ఒక సిగ్గు. దాన్ని మోయవచ్చు. దాని కింద ఇంకొకటి ఉంది.

మే నెలలో, అందరూ చనిపోయిన తమవాళ్ల సమాధుల దగ్గరికి వెళ్లే పండగ రోజున, మోకాలికి గుడ్డ కట్టుకుని తనే బయల్దేరింది. ఉల్లిపొట్టులో ఉడకబెట్టి రంగు తెచ్చిన గుడ్లు, పండగ రొట్టె ముక్క, చిన్న సీసాలో వోద్కా. రొదియోన్‌కి చెప్పలేదు, చెబితే వద్దంటాడని. అటు చేరేసరికి కాలు కర్రలా ఉంది. కంచె తుప్పు పట్టి ఉంది. రెండు శీతాకాలాల ఆకులు కుళ్లి పేరుకుపోయాయి. జాం సీసాలో సగం కాలిన కొవ్వొత్తి ఉంది, అది రెండేళ్ల కింద తను వెలిగించినదే. మొదట తప్పు సమాధి దగ్గరికి వచ్చాననుకుంది. పలక మీద అమ్మ పేరు చదివింది, మళ్లీ చదివింది. ఆకులు చేత్తోనే తీసింది. పక్క సమాధి వాళ్లు చీపురు ఇచ్చి, మీకెవరూ లేరా అమ్మా అని అడిగారు. ఉన్నాడు, పనిలో ఉన్నాడు అంది. వాళ్లు వెళ్లాక గ్లాసు పోసి, దాని మీద రొట్టె పెట్టి, అమ్మతో అంది, నీ కొడుక్కి ఎవరో దొరికినట్టుందే. ఎందుకంటే ఇంకేముంటుంది? నెలనెలా వంతెన దాటి వెళ్లే మగవాడు తల్లి దగ్గరికి వెళ్లడం లేదంటే ఎవరి దగ్గరికి వెళ్తున్నట్టు? పెళ్లాం కూతుర్ని తీసుకుని ఫిన్లాండు వెళ్లి నాలుగేళ్లయింది. తిరుగుదారి లైన్లో నిలబడి తనలో తను నవ్వుకుంది. సంతోషపడింది. దాన్ని తలుచుకుంటే ఇప్పుడు ఒళ్లు కుంచించుకుపోతుంది. ఆ సాయంత్రం పేరేమిటి అని అడిగింది. ఎవరి పేరు అన్నాడు. ఆవిడ పేరు. రొదియోన్ కంచంలోకి చూశాడు. సిగ్గుపడుతున్నాడనుకుంది. సిగ్గే అది. ఎందుకో తనకి తెలియలేదు, అంతే. రెండు నెలలు వేళాకోళం చేసింది. ఊలు తెచ్చి ఆడమనిషి చేతికి సరిపోయేలా తొడుగులు అల్లి, ఆవిడకివ్వు, నేనిచ్చానని చెప్పు అని సంచిలో పెట్టింది. వద్దనలేదు. తీసుకున్నాడు.

పసిపిల్ల ఏడుస్తోంది. తల్లి లేచి అటూ ఇటూ తిప్పుతోంది. గోడ మీద గడియారం పదీ పాతిక. ఇప్పుడు లోపల రొదియోన్‌ని అడిగి ఉంటారు, మీ అక్క వచ్చింది, కలుస్తారా అని. ఏమని ఉంటాడు? ఏమో, తెలిసే ఉంటుందేమో. జైల్లో గోడలకి చెవులుంటాయి, నోళ్లు కూడా. తెలిస్తే రాడు. రాకపోతే చెప్పే పని తప్పుతుంది. ఆ మాట తన మనసులోంచే వచ్చింది. రాకపోతే బాగుండు. తమ్ముడి మొహం చూడ్డానికి నాలుగు గంటలకి లేచి నార్వా నుంచి బస్సెక్కి వచ్చి, ఇప్పుడు వాడు రాకపోతే బాగుండని కోరుకుంటోంది. పదకొండు కాకూడదని కోరుకుంటోంది. చిన్నప్పుడు వాడికి పళ్ల డాక్టరు దగ్గర వంతు వచ్చేముందు ఇలాగే ఉండేది, తలుపు తెరుచుకున్నప్పుడల్లా తన చెయ్యి గట్టిగా పట్టుకునేవాడు. లోపలికి మాత్రం తనతోనే వచ్చేవాడు. డాక్టరు ఏం అడిగినా తనే చెప్పేది. ఎక్కడ నొప్పి బాబూ? ఎడమ పక్కన, కింద, అని తను. వాడు నోరు తెరిస్తే చాలు.

అంతా అలాగే జరిగింది. అమ్మ నూలు మిల్లులో రాత్రి షిఫ్టులు చేసేది, వాడి బడి పని తనే చూసింది. ఎస్తోనియా వేరే దేశమై భాష మారాక ఏ ఆఫీసుకి వెళ్లినా ఎస్తోనియా భాషలో మాట్లాడాల్సి వచ్చింది. రొదియోన్‌కి ఆ భాష నాలుక్కి ఎక్కలేదు. కిండర్‌గార్టెన్ ఉద్యోగం కోసం తను మూడుసార్లు పరీక్ష రాసి గట్టెక్కింది. నీళ్ల కనెక్షను, గ్యాసు, పాస్‌పోర్టు, విడాకులు, ఆఖరికి పెళ్లాం వెళ్లిపోయినప్పుడు కూతురి విషయం కూడా తనే మాట్లాడింది. ప్రతి కిటికీ దగ్గరా ఒకటే మాట, ఆ మనిషే రావాలండీ అని. ప్రతి కిటికీ దగ్గరా తనకి ఒకటే మందు. వాడికి షిఫ్టు, వాడికి భయం, నేను అక్కని, నాకు అన్నీ తెలుసు. మరీ బిగుసుకుంటే ఒక చాక్లెట్ డబ్బా. పని అయ్యేది. మనిషే రావాలన్నది కిటికీలో వాళ్లు అనే ముక్క, తోసుకుని లోపలికి వెళ్లడం మనం చేసే పని. నార్వాలో అందరూ అంతే. మొగుడి బదులు పెళ్లాం, తల్లి బదులు కూతురు. ఎవరి పని వాళ్లు చేసుకునే మనిషిని చూస్తే, పాపం ఎవరూ లేరు కాబోలు అనుకుంటారు.

ఆగస్టు చివర కుద్రుక్యూల అనే పల్లె దగ్గర తమ తోటలో బంగాళదుంపలు తవ్వుతుండగా రొదియోన్ సంచిలోంచి ఆ ఊలు తొడుగులు తీసి దుంపల బుట్ట మీద పెట్టాడు. "ఎవరూ లేరక్కా" అన్నాడు. పార పక్కన పెట్టి బోర్లించిన బకెట్ మీద కూర్చుని చెప్పాడు. రెండేళ్ల కింద అటు పక్క లైన్లోంచి ఒకతను పక్కకి పిలిచాడు. మర్యాదగానే మాట్లాడాడు. మీ అమ్మ సమాధి ఇక్కడేగా అన్నాడు. రాకుండా ఆపెయ్యడం ఎంతసేపు అన్నాడు. ఏం పని చేస్తావు అన్నాడు. ఆ తర్వాత రొదియోన్ అటు పక్క లైన్లో నిలబడాల్సిన పని లేకపోయింది, పక్క తలుపు తీసేవారు. గుడ్డ కప్పిన వ్యాగన్లు ఎన్ని, ఎటు వెళ్తున్నాయి, బరువుకి స్ప్రింగులు ఎంత కిందికి దిగి ఉన్నాయి, ఇవే అడిగేవాడు. ఏం పెద్ద సంగతి, ప్లాట్‌ఫారం మీద నిలబడ్డ ఎవడికైనా కనిపిస్తాయి అనేవాడట అతను. కనిపిస్తాయి. లోపల ఏముందో చెప్పాలంటే మాత్రం చక్రం దగ్గర కూర్చునేవాడే కావాలి. ఇవన్నీ రొదియోన్ దుంపలు తుడుస్తూ చెప్పాడు, ఒక్కోటి తుడిచి బుట్టలో వేస్తూ. మరి అమ్మ దగ్గరికి ఎందుకు వెళ్లలేదురా అంది. "ఏ మొహం పెట్టుకుని వెళ్లను" అన్నాడు.

ఆ మాట విన్నది. చెవులతోనే విన్నది. తోటలో గాలి లేదు, పక్క తోటలో ఎవరో చెత్త తగలబెడుతున్నారు, ఆ పొగ కూడా గుర్తుంది. ఏ మొహం పెట్టుకుని. ఆ మాటలో మనిషి మొత్తం ఉన్నాడు. వాడికి మానెయ్యాలని ఉంది, రెండేళ్లుగా తల్లి ముందు నిలబడలేకపోయాడు. తను దాన్ని వంకగా విన్నది. రంగు పాడైపోయుంటుందే, డబ్బా ఎక్కడ పెట్టావు అని కూడా అడిగింది. ఆపెయ్ అంది. ఎలా ఆపాలో తెలియట్లేదన్నాడు. నువ్వేం మాట్లాడకు అంది. నేను చూసుకుంటా. వాడు తల ఊపాడు. ఆ తల ఊపడం ఆరేళ్ల వయసు నుంచి చూస్తోంది.

సోమవారం భద్రతా పోలీసుల ఆఫీసుకి వెళ్లింది. గాజు కిటికీ లేదు, గది ఉంది. ఉర్మాస్ అని ఒక అధికారి, తమ్ముడి వయసే, ఎస్తోనియా యాసతో రష్యన్ మాట్లాడాడు, టీ ఇచ్చాడు. చెప్పింది. ముందు సమాధి సంగతి చెప్పింది. మా తమ్ముడు అమ్మ దగ్గరికి వెళ్తానని చెప్పి వెళ్లడం లేదండీ, నేను కళ్లారా చూశాను అని. ఏ మొహం పెట్టుకుని అన్నాడని చెప్పలేదు. మరిచిపోయి కాదు. అది ఇంటి మాట, ఆఫీసులో చెప్పే మాట కాదనుకుంది. అంతా విని ఉర్మాస్ అడిగాడు, మీరు వచ్చినట్టు ఆయనకి తెలుసా అని. తెలియదండీ, చెప్పొద్దు, సిగ్గుపడతాడు. ఉర్మాస్ పెన్ను ఆపాడు. కిటికీలోంచి బయటికి చూశాడు. "ఆయనే వస్తే మంచిదండీ" అన్నాడు. తైసియా నవ్వింది. వాడికి ఆఫీసులంటే భయమండీ, వాడి తరఫున ఎప్పుడూ నేనేనండీ అంది. సంచిలోంచి చాక్లెట్ డబ్బా తీసి బల్ల మీద పెట్టింది. ఆయన దాన్ని రెండు చేతులతో ఆమె వైపు జరిపి, పెన్ను మళ్లీ తీసుకుని రాయడం మొదలుపెట్టాడు. ఇంకొకసారి అడుగుతాడేమో అని ఆమె చూడలేదు. పని అయిపోయిందనుకుంది. వెళ్లేటప్పుడు, మామూలుగానే ఉండండి, ఆయనతో ఏమీ అనకండి అన్నాడు. మెట్లు దిగుతుంటే మోకాలు కూడా నొప్పి పెట్టలేదు. దారిలో కేకు కొంది.

కేకు. దీన్ని ఎవరికీ చెప్పలేదు, లాయరమ్మకి కూడా. పీచ్ ముక్కలున్న కేకు. ఆ సాయంత్రం రొదియోన్ వచ్చి రెండు ముక్కలు తిన్నాడు. ఏమిటి విశేషం అన్నాడు. ఊరికే అంది. మూడో ముక్క తనే కోసి పెట్టింది. ఆ తర్వాత వారం వాడు మళ్లీ వంతెన దాటాడు. దాటుతున్నాడని తెలుసు. కిటికీలోంచి చూసింది, నీలం జాకెట్టు, చేతిలో ఖాళీ సంచి. పరిగెత్తి ఆపవచ్చు. మామూలుగానే ఉండండి అన్నారు. మామూలుగా ఉంది. పొయ్యి మీద బక్‌వీట్ జావ ఉడుకుతోంది, మంట తగ్గించింది. వాళ్లే పిలిచి మందలిస్తారు, ఉద్యోగం మారుస్తారు, మహా అయితే వంతెన దాటొద్దంటారు, అంతేగా. నీళ్ల ఆఫీసు వాళ్లు కనెక్షను సరిచేసినట్టు వీళ్లు వాణ్ణి సరిచేసి ఇంటికి పంపిస్తారని ఆమె నిజంగా అనుకుంది. యాభై ఏడేళ్ల మనిషి.

"ఆ రైళ్లవాడు కూడా ఇక్కడే ఉన్నాట్ట" అంది ఫైనా. గొంతు తగ్గించి అన్నాననుకుంది గానీ ఎదురు వరస దాకా వినపడింది. తన కొడుకు వరండాలోనే, నాలుగు గదుల అవతల. ఎవరితోనూ మాట్లాడడట. వాడిదీ నార్వాయేనట, నువ్వూ నార్వా నుంచేగా వచ్చానన్నావు, తెలుసా అని అడిగింది. నార్వా పెద్ద ఊరండీ అంది తైసియా. ఫైనా ఆమె వంక చూసింది. పసిపిల్ల తల్లి కూడా చూసింది. నార్వా ఎంత ఊరో అక్కడ అందరికీ తెలుసు. "మావాడు దొంగే, కాదన్ను. రాగి తీగలు అమ్మాడు. అమ్మింది తీగలు, మనుషుల్ని కాదు" అంది ఫైనా. పసిపిల్ల తల్లి, ఎవరో సొంతవాళ్లే చెప్పారటగా అంది. ఎవరట? ఏమో, మా ఆయన చెప్పాడు. అక్కో చెల్లో. తైసియా, కోటు పెట్టిన లాకరు తాళంచెవిని అరచేతిలో నొక్కుకుంది. ఇప్పుడు తిడతారు. తమ వీధి మొదట్లో బెంచీ మీద కూర్చునే ఆడవాళ్లు తిట్టినట్టు తిడతారు. ఎవతో కుక్క మొరిగి ఉంటుంది అని వాళ్లన్నప్పుడు, అవును, ఎవతో అని తల ఊపింది తైసియా. వాళ్లు జరిగి చోటిచ్చారు. కూర్చుంది. పొద్దుతిరుగుడు గింజలు పెట్టారు. తిన్నది.

ఫైనా తిట్టలేదు. చేప వాసన ఇంకా పోలేదని చేతులు రుమాలుతో తుడుచుకుంటూ అంది: "చెప్పింది సరే. వాణ్ణి వెంట పెట్టుకుపోలేదేం? చెవి పట్టుకుని ఈడ్చుకెళ్లి, ఒరేయ్, నీ నోటితో నువ్వే చెప్పు అని నిలబెట్టొద్దూ? మావాణ్ణి నేనట్టాగే తీసుకెళ్లా. దారంతా ఏడ్చాడు గాడిద. బస్సులో అందరూ చూస్తున్నారు. చూడనీ. వాడే చెప్పుకున్నాడని శిక్ష తగ్గించారు. నా అంతట నేను పోయి చెప్పుంటే ఏమొచ్చేది, నా నోరు పాడు తప్ప?"

అదే మాట లాయరమ్మ సోమవారం ఫోనులో చెప్పింది. ఆమె చదువుకున్న మాటల్లో చెప్పింది. మనిషి తనంతట తాను వచ్చి ఒప్పుకుని ఉంటే చట్టం వేరేగా చూస్తుందండీ, శిక్షే లేకపోయేదేమో. ఒకరు వచ్చి అతని గురించి చెబితే అది ఫిర్యాదు. మీరు మంచి మనసుతోనే వెళ్లారని నేను వాదిస్తాను, దానివల్ల ఆయనకి లాభం లేదు అంది. ఇప్పుడు వాడు ఒప్పుకున్నా పట్టుబడ్డాక ఒప్పుకున్నట్టే. ఎన్నేళ్లు అని తైసియా అడిగితే ఆమె చెప్పలేదు, శుక్రవారం చదివి వినిపించాలి, మీ పేరు ఉంటుంది, మీకు ముందు చెప్పడం మంచిదనిపించింది అంది. ఫోను పెట్టేశాక తైసియా చాలాసేపు ఆ చాక్లెట్ డబ్బా గురించే ఆలోచించింది. రెండు చేతులతో జరిపాడు ఉర్మాస్. ఆయనే వస్తే మంచిదండీ. ఒక మనిషికి అంతకంటే ఎంత స్పష్టంగా చెబుతారు? తను ఎన్ని కిటికీల దగ్గర విన్న మాట అది. ఒక్కచోట మాత్రం నిజంగా అన్నారు.

వాడు తనంతట తాను నోరు తెరవగలడో లేదో ఎవరికి తెలుసు, ఎప్పుడైనా తెరవనిచ్చిందా? తోటలో తెరిచాడు. బకెట్ మీద కూర్చుని, ఎవరూ అడక్కుండా, అంతా చెప్పాడు. చెప్పగలడు. చెప్పాడు కూడా. నాకు చెప్పగలిగినవాడు ఉర్మాస్‌కి చెప్పలేకపోయేవాడా? పక్కన కూర్చుంటే చాలు. చెయ్యి పట్టుకుంటే చాలు. ఎడమ పక్కన, కింద, అని నేను చెప్పాల్సిన పని లేదు. గడియారం పదీ యాభై. లేచి వెళ్లిపోవచ్చు. కడుపులో బాగోలేదని వార్డరుతో చెప్పి లాకరులోంచి కోటు తీసుకుని బస్సెక్కవచ్చు. రేపు లాయరమ్మ చదువుతుంది. తన నోటి బదులు ఆమె నోరు. తన పని ఇంకొకరి నోటితో అవుతుంది. అయిపోతుంది. ఆ ఆలోచన ఎక్కడికి వెళ్లి తగిలిందో తైసియాకి అర్థమైంది. తాళంచెవి అరచేతిలో గుర్తు పెట్టింది. రుద్దుకుంది. పోలేదు.

పదకొండుకి రెండు నిమిషాల ముందు వార్డరు తలుపు తీసి ఇంటిపేర్లు పిలిచాడు. ఫైనా లేచింది, పసిపిల్ల తల్లి లేచింది. తైసియా ఇంటిపేరు చివర పిలిచాడు. ఆ ఇంటిపేరు విని ఫైనా వెనక్కి తిరిగింది. పేపర్లో అది లేదు. కానీ కొడుకు నోట విని ఉంటుంది. ఒక్క క్షణం చూసింది. పక్కకి జరిగి తైసియాకి దారి ఇచ్చింది.

లోపల వరసగా అరలు. మూడోది. అద్దానికి అటు పక్క ఖాళీ కుర్చీ. తైసియా కూర్చుని రిసీవరు తీసుకుని చెవికి పెట్టుకుంది, అటు ఎవరూ లేకుండానే. ఏం చెప్పాలో బస్సులో మూడు రకాలుగా అనుకుంది. మొదట నువ్వెలా ఉన్నావు అని అడగాలి, తర్వాత కోర్టు, తర్వాత మెల్లగా. మెల్లగా చెబితే సగంలోనే లైను కట్ చేస్తారు. ముందే చెప్పాలి. ముందే చెబితే మిగతా అరగంట ఏం చెయ్యాలి? అటు తలుపు తెరుచుకుంది. రొదియోన్ వచ్చాడు. చిక్కాడు. గడ్డం గీసుకున్నాడు, మెడ దగ్గర తెగింది. ఆమెను చూసి నవ్వాడు. కూర్చుని రిసీవరు తీసుకున్నాడు.

"అక్కా, మోకాలెట్టా ఉంది?" అన్నాడు.

బాగుందంది. ఇంత దూరం ఎందుకొచ్చావు, కూర్చుని కూర్చుని మళ్లీ వాచుద్ది అన్నాడు. రేపు లాయరమ్మ వస్తుందట, ఏవో చదువుతుందట, తనకి ఏమీ అర్థం కాదు, ఆమెతో నువ్వే మాట్లాడు అన్నాడు. అంటూ రెండో చేత్తో మెడ మీద తెగినచోట తడుముకున్నాడు.

"రోద్యా, విను" అంది తైసియా. "రేపు ఆమె చదివేది నేను చెప్పిందే. నేనే వెళ్లి చెప్పాను. తోట నుంచి వచ్చిన సోమవారం. నిన్ను తీసుకెళ్లాల్సింది, నువ్వే చెబుతావని నాకు తోచలేదు. వాళ్లు అడిగారు కూడా, నువ్వే వస్తే మంచిదని, నేను" అంది.

చెవిలో టిక్కుమంది. ఆ తర్వాత శబ్దం లేదు.

అద్దం అవతల రొదియోన్ పెదాలు కదిలాయి. రిసీవరు లోకి ఏదో అన్నాడు. ఆగాడు. మళ్లీ అన్నాడు. కనుబొమలు పైకి లేచాయి. అది ప్రశ్న. తైసియా రిసీవరు చూపించి, తెగిపోయిందని తల అడ్డంగా ఊపింది. వెనక నుంచి వార్డరు వచ్చి అతని భుజం తట్టాడు. రొదియోన్ లేచాడు. రిసీవరు పెట్టలేదు. తీగ సాగినంత దూరం దాన్ని చెవికే పెట్టుకుని, ఆమె వంక చూస్తూ, అదే మాట మూడోసారి అడిగాడు.

పదకొండూ ఆరుకి అతన్ని తీసుకెళ్లారు.